ఎగువకు నడిచిన పుట్టి

సంపులో నీళ్లు నిండుతున్నంతసేపు మాసయ్య మాట్లాడడు. అశోక్‌నగర్‌లో లైబ్రరీ వెనక సందులో నాలుగంతస్తుల అపార్ట్‌మెంటు అది. పార్కింగులో ఇనుప మూత పక్కన గొంతుక్కూర్చుని, తల ఒకవైపు వాల్చి వింటూ ఉంటాడు. మొదట నీళ్లు సిమెంటు మీద పడి చిందుతాయి. కాసేపటికి నీళ్ల మీద నీళ్లు పడి గొంతు మారుతుంది. ఆ తర్వాత చప్పుడు సన్నబడుతూ పైకి వస్తుంది, మెట్లెక్కి వస్తున్న మనిషిలా. మూతకు జానెడు దూరం ఉందనగా మాసయ్య లేచి వాల్వు కట్టేస్తాడు. మూత ఎత్తి చూడడు. అతను వాచ్‌మన్‌గా ఉన్న పదకొండేళ్లలో ఆ సంపు ఒక్కసారి కూడా పొర్లలేదు.

"సెన్సార్ పెట్టిద్దామయ్యా, దానంతటదే బందయితది" అని అసోసియేషన్ ప్రెసిడెంటు కిషన్ రావు ఏటా మీటింగులో ఒకసారి అంటారు. "మాసయ్య చెవికి గ్యారంటీ ఉంది సార్, మీ సెన్సార్‌కు ఏడాదే" అని ఎవరో ఒకరు అడ్డం పడతారు. అందరూ నవ్వుతారు. మీటింగు చాయ్ మీదికి మళ్లిపోతుంది.

కొత్తగా కిరాయికి దిగినవాళ్లకు మాసయ్య తప్పకుండా చెప్పే మాట ఒకటుంది.

"ఇవి కృష్ణ నీళ్లు సార్. మా ఊరి ముందర్నుంచి పారి వస్తయి. మా తమ్ముని తెడ్డు తాకినంకనే మీ నల్లాలకు వచ్చేది."

"అయితే ఫిల్టర్ పెట్టించుకోవాల్నా, వద్దా?"

"మా తమ్ముడు రోజూ తానం చేస్తడు సార్. తర్వాత మీ ఇష్టం."

వీధి చివర నాలా ఉంది. హుస్సేన్‌సాగర్ నిండినప్పుడు వదిలే నీరు అందులోంచే దిగువకు పోతుంది. వానపడ్డ సాయంత్రాలు మాసయ్య నాలా వంతెన పిట్టగోడ మీద మోచేతులు ఆనించి నిలబడతాడు. ముక్కు మూసుకుని దాటిపోయేవాళ్లు అతన్ని వింతగా చూస్తారు. "ఇది గూడ ఏరే. మొకం కడుక్కోలేదు, అంతే" అంటాడు.

మక్తల్ దాటి ఇంకా లోపలికి పోతే, కృష్ణ ఒడ్డున మాసయ్య ఊరు. అవతలి ఒడ్డు రాయచూరు సీమ. వంతెన ఉంది కానీ చాలా దూరం. చుట్టు తిరిగి వస్తే ఒక పూట గడిచిపోతుంది. అందుకని అక్కడి మనుషులు, మేకలు, సైకిళ్లు, పెళ్లి బట్టల మూటలు, అన్నీ పుట్టిలోనే దాటుతాయి. వెదురు బద్దలతో అల్లిన పెద్ద గుండ్రటి బుట్ట అది. అడుగున పట్టా కప్పి డాంబరు పూస్తారు. దానికి ముందూ లేదు, వెనకా లేదు. తెడ్డు ఎటు లాగితే అటే ముందు.

మాసయ్యకూ తమ్ముడు ఉప్పలయ్యకూ తండ్రి నుంచి వచ్చినవి ఒక పుట్టి, ఒక తెడ్డు, నీటిని చూసి లోతు చెప్పే చూపు. చూపును పంచుకోగలిగారు. పుట్టిని పంచుకోలేకపోయారు. ఒక్క పుట్టి రెండిళ్లకు అన్నం పెట్టదని తెలిసిన ఏడు, పెద్దవాడు కనక మాసయ్యే మూట సర్దుకున్నాడు. పట్నంలో ఎత్తు గోడలకు వెదురు కర్రలు కట్టే పని దొరికింది. వెదురును చిన్నప్పటి నుంచి ఎరిగిన చేతులు, ముడి వేస్తే జారేది కాదు. నారాయణగూడలో, హిమాయత్‌నగర్‌లో అతను కట్టిన కర్రల మీద లేచిన ఇళ్లు ఇప్పటికీ ఉన్నాయి. కర్రలు లేవు. ఇక ఎక్కలేమని మోకాళ్లు చెప్పిన రోజున ఈ గేటు దగ్గర స్టూలు వేసుకున్నాడు.

భార్య బాలనాగమ్మది అవతలి ఒడ్డు. ఆమె తెలుగులో ఇప్పటికీ ఒకటి రెండు కన్నడం మాటలు తగులుతుంటాయి, కడిగిన బియ్యంలో ఇసుక రేణువుల్లా. బిల్డింగులో నాలుగిళ్ల గిన్నెలూ బట్టలూ ఆమెవే. పెళ్లికి ముందు ప్రతి సంతరోజూ ఆమె తన ఒడ్డున నిలబడి పుట్టిని పిలిచేది. ఈ ఒడ్డున మాసయ్య ఇరవై పిలుపుల్లోంచి ఆ ఒక్కటీ ఏరుకునేవాడు.

"నా మొకం కన్న ముందుగాల నా గొంతు చూసిండు" అని బాలనాగమ్మ మూడో అంతస్తు పద్మకు చెబుతుంది. "మొకం కనపడేసరికి సగం ఏరు దాటిండు. ఇగ వెనుకకు తిప్పుకునేతందుకు లేకపాయె."

ఆ పద్మ, కిషన్ రావుల కూతురే రచన. విద్యానగర్ అవతలి యూనివర్సిటీలో చదువు ముగించి, కెమెరా ఒకటి కొనుక్కుని, ఏం తీయాలా అని ఏడాది పాటు బాల్కనీలో నిలబడి ఆలోచించిన పిల్ల. మాసయ్య ఏటి కబుర్లు వినీ వినీ ఒకరోజు కిందికి దిగి వచ్చింది.

"తాతా, మీ ఊరి ఏటిని సినిమా తీస్త."

"ఏటిని తీసి ఏం చేస్తవమ్మా?"

"ఉన్నది ఉన్నట్టు చూపిస్త. పది నిమిషాలు. మాటలుండవ్, పాటలుండవ్. ఇట్ల నిలబడు, అట్ల నడువు అని ఎవ్వరికీ చెప్ప. వాళ్ల పని వాళ్లు చేసుకుంటరు, నేను ఒక మూలకు ఉంట."

"మూలకు ఉంటనంటే మావోళ్లు ఉండనియ్యరు. అన్నం తినమంటరు."

అయినా ఆ సాయంత్రమే తమ్ముడికి ఫోన్ చేశాడు. "మా బిల్డింగ్ పిల్ల వస్తున్నది. మన ఇంటి పిల్లే అనుకో. ఏది తీస్తనంటే అది తియ్యని."

దసరా తర్వాత రచన వెళ్లింది. మూడు రోజులుండి, ముక్కు మీద ఎండ మరకతో, ఉప్పలయ్య భార్య మూటగట్టి ఇచ్చిన జొన్నరొట్టెలతో తిరిగి వచ్చింది. తర్వాత నెల రోజులు గది తలుపు వేసుకుని సినిమాను కోసింది, అతికింది. నారాయణగూడలో ఒక చిన్న హాల్లో ఆదివారం సాయంత్రం ఐదుగురు కొత్తవాళ్ల సినిమాలు వేస్తున్నారు. అందులో రచనదొకటి. శనివారం సాయంత్రానికి కాపీ ఇచ్చేయాలి. సోమవారం ఇంటర్నెట్లో పెడతారు.

గురువారం మధ్యాహ్నం లాప్‌టాప్ పట్టుకుని వాచ్‌మన్ గదికి వచ్చింది. బాలనాగమ్మ బకెట్ బోర్లించి దాని మీద తువ్వాల పరిచింది. ముందు వరసలో మొగుడూ పెళ్లాలూ, వెనక తలుపుకు ఆనుకుని రచన.

తెర మీద తెల్లవారింది. ఉప్పలయ్య ఇంటి ముందు పొయ్యి మండింది. ఏటి మీద పొగమంచు లేచి, దానిలోంచి ఒక మేక తల బయటికి వచ్చింది. ఆడవాళ్లు బట్టలు ఉతికారు. గచ్చు మీద ఒక నత్తగుల్ల చాలాసేపు ఏమీ చేయలేదు. పుట్టి నీళ్ల మీద గుండ్రంగా తిరుగుతూ వచ్చి ఒడ్డుకు ఆనింది.

"అగో, మా పెద్దమ్మ కొడుకు! ఇంకా ఆ అంగే తొడుగుతుండు" అన్నాడు మాసయ్య. ఉప్పలయ్య కనిపించగానే మెడ ముందుకు చాచాడు. "సన్నబడ్డడే."

"కంపూటరే సన్నగున్నది. మరిది మంచిగనే ఉండు" అంది బాలనాగమ్మ.

తొమ్మిదో నిమిషంలో పొద్దు వాలింది. ఏరంతా కాగిన రాగి అయింది. ఉప్పలయ్య పుట్టిని నీళ్లలోంచి లాగి, బోర్లించి, నెత్తిన పెట్టుకున్నాడు. మనిషి మాయమై రెండు కాళ్లున్న నల్లటి తాబేలు ఒకటి ఒడ్డు వెంబడి నడిచింది. ఒకచోట ఆగి, పుట్టి అంచు కాస్త ఎత్తి ఏటివైపు ముఖం తిప్పాడు. మళ్లీ నడిచాడు. దూరమవుతూ చుక్కంత అయిపోయాడు. ఆ తర్వాత ఇల్లు, పొయ్యి, పళ్లెంలో రొట్టె, దాన్ని తుంచుతున్న ఉప్పలయ్య వేళ్లు. తెర చీకటైంది.

బాలనాగమ్మ కొంగుతో కళ్లొత్తుకుంది.

"ఎట్లుంది తాతా?"

"మంచిగుంది" అని లేచి, అప్పటికే తుడిచి ఉన్న కారును మళ్లీ తుడవడానికి వెళ్లాడు.

రచనకు ఆ "మంచిగుంది" చెప్పులో రాయిలా గుచ్చుకుంది. సాయంత్రం ఆరు గంటలకు గేటు దగ్గరికి వచ్చి నిలబడింది.

"తాతా, నిజం చెప్పు. నచ్చలేదు కదా?"

మాసయ్య తువ్వాలను భుజం మార్చుకున్నాడు. "ఆఖర్న మా తమ్ముడు ఏడికి పోతుండమ్మా?"

"ఇంటికి. పని అయిపోయింది కదా, పుట్టి నెత్తిన పెట్టుకుని ఇంటికి పోతుండు."

"పుట్టిని ఇంటికి తీస్కపోయి ఏం చేస్కుంటం, అండ్ల పండుతమా? రాత్రికి ఏటి కాడనే బోర్లేసి వస్తం. అసలు ఇల్లు అటు దిక్కే లేదు."

అటుగా నీళ్లు తెస్తున్న బాలనాగమ్మ చేతిలోని చెంబులో వేలు ముంచి, సంపు మూత మీద రెండు తడి గీతలు గీశాడు. అవి రెండు ఒడ్లు. "నీళ్లు వాలుకు గుంజుతయి. ఈడ ఎక్కితే సక్కగ అవతలికి పోం, గింత కిందికి తేలుతం. అందుకని దాటే ముందల ప్రతిసారి పుట్టి నెత్తికెత్తుకుని ఎగువకు నడవాలె. ఆడ దించితేనే అవతల రేవుకు అందుతం. వాడు ఎగువకు నడుస్తుండు. అంటే అవతలికి పోతుండు."

తడి గీతలు ఆరిపోయేదాకా రచన వాటినే చూసింది. "అంటే నేను ఉల్టా అతికిన."

"అతికితే అతికినవ్. అవతలి ఒడ్డు మీద మనుషులున్నరు, చూసినవా?"

"అవి పొదలు కదా?"

"పొదలు మూటలు పట్టుకుని నిలబడవమ్మా."

ఆమె లాప్‌టాప్ తెరిచి, బొమ్మను ఆపి పెద్దది చేసింది. అవతలి గట్టు మీద గింజలంత నీడలు మూడు. ఒకదాని నెత్తిన మూట.

మాసయ్య గొంతు తగ్గించాడు. "మా పుట్టి పనిల ఒక్కటే కట్టు. పొద్దు గుంకినంక గూడ పిలుపు వస్తే పోవాలె. మా నాయిన ఒళ్లు జరంతోని కాలుతున్నా పుట్టి ఎత్తిండు. నేను లగ్గం పీటల మీది నుంచి లేచి పుట్టి కాడికి ఉరికిన. నీ సినిమాల ఏమైంది? అవతల మనుషులున్నరు. వాడు తిరిగి చూసిండు. చూసి, ఇంటికి పోయి రొట్టె తిన్నడు. హాల్ల మీ వాళ్లకు ఏం తెల్వది. సోమవారం మా ఊరోళ్ల ఫోన్లకు వస్తదంటివి. ఆ రెండు ఒడ్ల మీద అందరికి తెలుస్తది. పిలుపు వదిలినోని పుట్టి ఎవ్వరు ఎక్కరమ్మా. తిట్టరు, కొట్టరు. ఎక్కరు, అంతే."

"ఆ రొట్టె తినేది ముందటి రోజుది తాతా. ఆఖరి రోజు ఆ నడక తీసి నేను బస్సుకు ఉరికిన. అట్నుంచి ఏమైందో నేను చూడనే లేదు."

"నేనే పంపిన నిన్ను వాని కాడికి" అన్నాడు మాసయ్య. అది నిందలా లేదు. తనతోనే అనుకున్నట్టుంది.

"ఫోన్ చేసి అడుగుదామా, ఆ రోజు అవతలికి పోయిండా లేదా అని?"

మాసయ్య ముఖం తిప్పుకున్నాడు. "అడగ. అడిగితే వాణ్ణి అనుమానపడ్డట్టే."

ఆ రాత్రి భోజనాల దగ్గర రచన జరిగింది చెప్పింది. "రొట్టె ముక్క తీసేయ్, అయిపాయె" అన్నారు కిషన్ రావు. తీసేయొచ్చు. కానీ తెల్లవారి పొయ్యి నుంచి సాయంత్రం పొయ్యి దాకా నడిచిన సినిమా, చివర అలా గాల్లో ఆగిపోతుంది. పైగా ఇంటికి పోతున్న మనిషే అని హాల్లో అందరూ అనుకుంటారు, తను అనుకున్నట్టే. ఒక తప్పును దాచిపెట్టినట్టవుతుంది తప్ప సరిచేసినట్టు కాదు. శుక్రవారం పొద్దున ఆ మాటే మాసయ్యకు చెప్పింది.

"పిలుపు పెట్టు" అన్నాడు మాసయ్య. "పిలుపు వినపడితే ఎందుకు పోతుండో అందరికి ఎరుకైతది."

"ఆ రోజు నేను ఏ పిలుపూ వినలే. అక్కడే నిలబడ్డ కదా."

"మరి వాడు ఎందుకు తిరిగి చూసిండు?"

"సూర్యుణ్ణి చూస్తుండు అనుకున్న."

"పుట్టిన కాడి సంది చూస్తుండు సూర్యుణ్ణి. కొత్తగ ఏమున్నది?"

రచనకు నవ్వొచ్చింది, ఏడుపూ వచ్చింది. "లేని చప్పుడు పెట్టను తాతా. ఉన్నది ఉన్నట్టు అని తీసిన సినిమా. కానీ ఆ పిలుపు ఎట్లుంటదో నాకు ఒక్కసారి వినిపిస్తవా?"

"నాకేం వస్తది! నేను పిలిపించుకున్నోణ్ణి. పిలిచినామె లోపల ఉంది, అడుగు."

లోపల బాలనాగమ్మ చింతపండు పిసుకుతోంది. "ఈ వయసుల, మిద్దెక్కి మొగోణ్ణి పిలవాల్నా? ఎవరన్న ఇంటే ఏమనుకుంటరు?"

"పిలిచేది నన్నే కదనే" అన్నాడు మాసయ్య గుమ్మంలోంచి.

"నీకోసమైతే అస్సలు పిలువ. మరిది కోసమైతే పిలుస్త."

సాయంత్రం ఐదున్నరకు బాలనాగమ్మ చేతులు కడుక్కుని, కొంగు బిగించి, నాలుగంతస్తులూ ఎక్కింది. మిద్దె మీద ఆరేసిన దుప్పట్లు ఊగుతున్నాయి. చిక్కడపల్లి రోడ్డు హారన్లు, మెట్రో రైలు గరగర, ఏ ఇంట్లోనో కుక్కర్ కూత, ఎదుటి హాస్టల్లో పోటీ పరీక్షల పిల్లలు గట్టిగా వల్లె వేస్తున్న రాజ్యాంగం. ఇంత చప్పుడులో ఏం వినిపిస్తుందిలే అనుకుంది రచన. చెవులు చీల్చే కేక ఒకటి వస్తుందని ఎదురుచూసింది.

బాలనాగమ్మ రెండు అరచేతులూ నోటి ముందు దొన్నెలా పట్టింది. కేక రాలేదు. ఛాతీ అడుగు నుంచి లావుపాటి "ఊ..." ఒకటి బయలుదేరింది. పలకలేదు, పాకింది. చివర కొంచెం పైకి లేచి ఆగింది. మూడు గుక్కల సేపు నిశ్శబ్దం. మళ్లీ అదే. హాస్టల్ కిటికీలో రాజ్యాంగం ఆగిపోయింది.

"ఇట్లనా పిలిచేది? పేరు పెట్టి కాదా?"

"ఏటి మీద సన్న గొంతు పోదు బిడ్డా, గాలి తినేస్తది. లావు గొంతు నీళ్ల మీద పండుకుని పోతది."

అప్పుడే కింద పార్కింగులోంచి, గోడలు అదిరేలా, "ఓ...య్! వస్తున్నా!" అని వినిపించింది. మాసయ్యది. అతను అనాలనుకుని అన్నది కాదు, నోరే అన్నది.

"ఏడికి వస్తున్నవ్ మాసయ్యా? ముందు గేటు తియ్యి" అని గేటు బయట స్కూటరు మీంచి కిషన్ రావు అరిచారు.

బాలనాగమ్మ పడీపడీ నవ్వింది. రచన నవ్వలేదు. దుప్పట్ల మధ్య నిలబడిపోయింది. ఆ "ఊ..." తాను విన్నదే. ఎక్కడో కాదు, తన గదిలోనే. ఏటి దగ్గర రికార్డు చేసిన చప్పుళ్లు శుభ్రం చేస్తుంటే గాలి హోరు, దూరంగా ట్రాక్టరు, ఏదో నీటి పక్షి మూలుగు అనుకున్న చప్పుడు వినిపించాయి. మూడింటినీ తుడిచేసి, మెత్తటి అలల చప్పుడు పరిచింది.

మెట్లు రెండేసి చొప్పున దిగింది. తుడవకముందటి చప్పుళ్లను వెతికి, ఉప్పలయ్య పుట్టి అంచు ఎత్తేచోటికి వచ్చి ఆపింది. లాప్‌టాప్‌తో వాచ్‌మన్ గదికి వచ్చి, హెడ్‌ఫోన్లు బాలనాగమ్మ చెవులకు పెట్టింది.

బాలనాగమ్మ కళ్లు మూసుకుంది. కాసేపటికి ఆమె చేయి చాచి మాసయ్య మణికట్టు పట్టుకుంది.

"మా ఒడ్డు గొంతే. నా ఈడు ఆడమనిషి. మొదటిసారి మెల్లగ పిలిచింది, రెండోసారికి బుగులు పట్టింది, చీకటి పడుతున్నదని."

"ఏదీ, నాకియ్యి."

"ఆగు జర. ఇంకోసారి ఇననీ."

ఏడుసార్లు విన్నాక గానీ ఇవ్వలేదు.

శనివారం మధ్యాహ్నానికి సినిమా చివర మారింది. రొట్టె పోయింది, పొయ్యి పోయింది, మెత్తటి అలలు పోయాయి. గాలి, ట్రాక్టరు, పిలుపు వెనక్కి వచ్చాయి. ఉప్పలయ్య ఎగువకు నడిచి తెర దాటి వెళ్లిపోయాక, ఖాళీ ఒడ్డు మీద ఆ పిలుపు ఇంకొకసారి వినిపిస్తుంది. అంతటితో చీకటి.

"చప్పుడు గరగరమంటున్నదిరా" అన్నారు కిషన్ రావు.

"అననీ నాన్నా."

ఆదివారం మాసయ్య ఇస్త్రీ చొక్కా వేసుకున్నాడు. బాలనాగమ్మ పద్మ ఇచ్చిన నీలం చీర కట్టుకుంది. హాల్లో యాభై కుర్చీలు, నలభై మంది. ఇద్దరూ చివరి వరసలో, తలుపు పక్కన కూర్చున్నారు. తెర మీద తమ్ముడి ముఖం మనిషంత అయ్యేసరికి మాసయ్య కొంచెం వెనక్కి జరిగాడు. పొద్దు వాలింది. పుట్టి నెత్తికెక్కింది. పిలుపు వచ్చింది. ముందు వరసలో ఒకాయన పక్కనున్నావిడతో అన్నాడు, "ఎవరో పిలుస్తున్నారు." ఆవిడ అంది, "అందుకే పోతున్నాడు."

చప్పట్లు కొట్టారు. రచన వెనక్కి తిరిగి చూసింది. మాసయ్య చేతులు మోకాళ్ల మీదే ఉన్నాయి. ఇక్కడివాళ్లకు తెలిసింది. అక్కడ నిజంగా ఏం జరిగిందో మాత్రం అతనికింకా తెలియదు. తమ్ముడికిప్పుడు యాభై ఎనిమిది. భుజం నొప్పి అని పోయిన నెలే అన్నాడు. ఒక్కరోజు, ఒక్క సాయంత్రం, ఎగువకు నాలుగడుగులు నడిచి, ఇక చాలని దించేసి ఉంటే? దారి పొడుగునా, నారాయణగూడ చౌరస్తా నుంచి ఇంటిదాకా, బాలనాగమ్మ మాట్లాడుతూనే ఉంది. అతను ఊఁ కొడుతూ వచ్చాడు.

సోమవారం పొద్దున్నే సినిమా ఊరి ఫోన్లకు చేరింది. పదిన్నరకు మాసయ్య ఫోన్ మోగింది. బాలనాగమ్మే తీసి స్పీకర్ నొక్కింది.

"అన్నా, చూసినం. ఊరంత చూసింది."

"ఏమన్నరు?"

"ఏమంటరు? నా అంగి చంకల చినిగిందన్నరు. పుట్టికి డాంబరు పుయ్యలేదన్నరు. పట్నంల మన ఇజ్జత్ తీసినవన్నరు."

"అంతేనా?"

"ఇంకేముంటది?"

మాసయ్య ఫోన్ వైపు వంగాడు. నాలుగు రోజులుగా అడగకుండా మోసిన మాట ఇప్పుడు మామూలు మాటలా బయటికి వచ్చింది. "ఆ పొద్దు అవతల ఎంతమంది ఉండిరిరా?"

"ముగ్గురు, రెండు మేకలు. దాటుతుంటే ఒక మేక నా తొడ మీదనే కక్కింది. ఇవతలికి తెచ్చి దించేసరికి కన్ను కనిపియ్యని చీకటి. మీ పిల్ల అప్పటికే బస్సెక్కిపాయె. ఎందుకు?"

"ఏం లేదు" అన్నాడు మాసయ్య. బాలనాగమ్మ వైపు చూసి, మళ్లీ అన్నాడు, "ఏం లేదురా. భుజానికి ఆముదం రాస్తున్నవా?"

"రాస్తున్న గాని, ఆగు. ఇగో, ఆ పొద్దు పిలిచిన తాయమ్మ పొద్దుగాలనే వచ్చి కూసున్నది. నీతోని కొట్లాడాల్నంట. ఇస్తున్న."

ఫోన్ చేతులు మారింది. మిద్దె మీద నుంచి కింది దాకా వినిపించగల లావు గొంతు ఒకటి పార్కింగులో దిగింది.

"ఏమయ్యా పట్నం మాసయ్యా! మీ పిల్ల అందర్ని తీసింది. మేకల్ని తీసింది, నత్తగుల్లను తీసింది. పిలిచింది నేను. నా మొకం ఏది?"

"నువ్వు అవతల ఉంటివి కదమ్మా."

"మేమెట్లయితం అవతల? మాకు మీరే అవతల!"

బాలనాగమ్మ ఫోన్ లాక్కుంది. "మంచిగన్నవు తాయక్కా! ముప్పై ఏండ్ల సంది నేను గదే చెప్తున్న, ఈయనకు ఎక్కుతలేదు." ఇద్దరి తెలుగూ రెండు మాటల్లో కన్నడంలోకి జారింది.

మాసయ్య పార్కింగులోంచి బయటికి వచ్చి, తల పైకెత్తాడు. మూడో అంతస్తు బాల్కనీలో రచన పళ్లు తోముకుంటోంది.

"రచనమ్మా! మల్ల పోవాలె నువ్వు!"

"ఎక్కడికి తాతా?" నోటినిండా నురగతో.

"ఈసారి రాయచూరు దిక్కు దిగాలంట. ఆ ఒడ్డు మీది నుంచి తియ్యాలంట. ఉరికొచ్చి మాట్లాడు, నాతోని అయితలేదు."

రచన చెప్పుల్లేకుండా మెట్లు దిగి వచ్చేసరికి బాలనాగమ్మ ఫోన్‌ను చెవికి దూరంగా పట్టుకుని నిలబడి ఉంది. తాయమ్మ ఇంకా ఆగలేదు. తనను తీసే రోజుకు ఏ చీర కట్టుకోవాలో ఇప్పుడే చెప్పమంటోంది.